గుండెల మీద ఉప్పు

మా వంశంలో ఎవరు చనిపోయినా గుండెల మీద తగరపు పళ్ళెంలో ఉప్పు పెడతారు. మా మూలపురుషుడు స్కాట్లాండు నుంచి వచ్చి రష్యా జారు చక్రవర్తి కొలువులో కత్తి పట్టినప్పుడు వెంట తెచ్చుకున్న ఆచారం. తర్వాత భాష పోయింది, మతం మారింది, ఊళ్ళు అమ్ముడుపోయాయి. ఆర్బుత్నోవ్ అన్న ఇంటిపేరూ ఈ ఉప్పూ మిగిలాయి.

మంచు కరగక ముందే నా భార్య ఉస్తీన్య జ్వరంతో పోయింది. పళ్ళెం పెట్టాను.

మా అమ్మకూ నాన్నకూ పెట్టినప్పుడు పాత పూజారి చూడనట్టు ఊరుకున్నాడు. ఈ వర్లాం కొత్తవాడు. గుమ్మంలోనే ఆగిపోయాడు.

"ఏమిటిది యాకోవ్ రోమనోవిచ్? చేతబడా?"

"మా ఇంటి ఆచారం, తండ్రీ."

"అక్కడ ఉండాల్సింది క్రీస్తు పటం. అది తీస్తేనే ప్రార్థన చదువుతాను. లేదంటే ఈ ఊరి శ్మశానంలో గొయ్యి తవ్వనివ్వను."

ఉస్తీన్య తమ్ముడు కొంద్రాత్ లేచాడు. ఆమె పుట్టింటివాళ్ళు రైతులు. వాగవతలి ఊరి నుంచి మంచుబండి కట్టుకుని వచ్చారు.

"తీసెయ్ బావా. మా అక్కేమన్నా ఊరబెట్టే చేపా?"

వెనక ఎవరో ఆడమనిషి నవ్వు ఆపుకోలేకపోయింది.

"ఇది దొరల ఇల్లు. నీకు తెలీదులే," అన్నాను.

"అబ్బో! మీ తాతలు పట్టింది కత్తి. నువ్వు పట్టింది మా నాన్న ఇచ్చిన నాగలి. పోనీ, ఇది కావాలా అని అక్కనెప్పుడైనా అడిగావా?"

"ఈ ఇంటి కోడల్ని అడిగేదేముంది?"

కొంద్రాత్ పూజారి వైపు తిరిగాడు. "మా ఊళ్ళో పాతిపెడితే చదువుతారా తండ్రీ?"

"ఉప్పు లేకుండా ఎక్కడైనా చదువుతాను."

కొంద్రాత్ గొంతు తగ్గించాడు. "ఒక్క పళ్ళెం బావా. నీ చేత్తో తియ్యి. తీస్తే మీవాళ్ళ పక్కనే ఉంటుంది."

నా చేతులు మోకాళ్ళ మీద ఉన్నాయి. అక్కడే ఉన్నాయి.

అతనే తీశాడు. రవ్వ కూడా ఒలకకుండా నా ముందు బల్ల మీద పెట్టాడు. గుమ్మం ఇరుకు. శవపేటికను పక్కకు వంచి బయటికి తీసుకుపోయారు.

"రావా?" అని బండి దగ్గర నుంచి అరిచాడు.

నేను బల్ల దగ్గరే కూర్చున్నాను. మావాళ్ళ సమాధుల పక్కన ఆమెకని ఉంచిన చోటులో నిన్ననే మంచు ఎత్తిపోశాను. ఆ చోటు మళ్ళీ మంచుతో నిండుతుంది.

మధ్యాహ్నం ఆవు అరిచింది. పాలు పితికేది ఉస్తీన్య. వెళ్ళి పితికాను. కొంద్రాత్‌ను మాత్రం ఇక ఈ గడప తొక్కనివ్వను.