రాహేలమ్మకి బందోబస్తు

చర్చి తలుపుకి తాళాలు గుత్తులుగా కాసి ఉన్నాయి. మొదటిది పాత కమిటీ అధ్యక్షుడు జకరయ్య వేశాడు. దాని మీద కొత్త కమిటీ అధ్యక్షుడు ఏలీషా ఇంకోటి వేశాడు. మిగతావి వాటంతట అవే కాశాయి. కొన్ని ఇంకా పచ్చిగానే ఉన్నాయి.

ఈ వింత చూస్తూ కూర్చునే ఓపిక సువార్తమ్మకి లేదు. ముప్పై ఏళ్ళు ఆ చర్చి ఊడ్చిన అక్క రాహేలమ్మ నిన్న పోయింది. సాయంత్రం నాలుగింటికి సమాధి. చర్చిలో పెట్టె దించి ప్రార్థన చేయనిదే వాళ్ళ సంఘంలో ఎవరినీ మట్టిలో పెట్టరు. తలుపు దగ్గర రెండు వర్గాలూ కర్రలు పట్టుకుని నిలబడి ఉన్నాయి. విసుక్కుంటూ ఆమె పోలీస్ స్టేషన్‌కి వెళ్తుంది.

ఎస్సై ఎడమ చెవికి పాత కమిటీ చీటీ, కుడి చెవికి కొత్త కమిటీ చీటీ అంటించి ఉన్నాయి.

“మీరు ఏ కమిటీ?”

“ఏ కమిటీ కాదయ్యా. పోయినామె చెల్లెల్ని.”

“ఆ కమిటీకి చెవి లేదమ్మా. కాగితం మీద రాసివ్వండి.”

రాసిస్తుంది. ఎస్సై ఆ అర్జీని ఒళ్ళో పడుకోబెట్టుకుని జోకొడతాడు. అది నిద్రపోయాక బందోబస్తు మంజూరవుతుంది. తాళానికొకరు చొప్పున ముప్పైమంది కానిస్టేబుళ్ళు వస్తారు.

“నూట నలభై నాలుగో సెక్షన్ పెట్టాం. ఐదుగురు ఒకచోట ఉండకూడదు,” అంటాడు ఎస్సై. “లోపల ఇప్పటికే నాలుగు గోడలున్నాయి. ఒకరు వెళ్తే ఒక గోడ బయటికి రావాలి.”

“మరి పైకప్పో?”

“అది పొద్దున్నే వెళ్ళిపోయింది. చెప్పిన మాట వింటుంది.”

ఇంటివాళ్ళు తప్ప సంఘంలో మగవాళ్ళంతా ఏదో ఒక వర్గమే. అవతలివాడు భుజం పెట్టిన పెట్టెకి ఇవతలివాడు భుజం పెట్టడు. అందుకని రాహేలమ్మ కొడుకులిద్దరూ, అల్లుడూ మూడు మూలలు ఎత్తుకుంటే నాలుగో మూల సువార్తమ్మ ఎత్తుకుంటుంది. గోడలు నాలుగూ బయటికొచ్చి కరెంటు స్తంభం పక్కన నిలబడతాయి. తలుపొక్కటే ఉన్నచోట ఉంది. ముప్పైమందీ దానికి కాపలా కాస్తున్నారు. తలుపు పక్కనుంచి పెట్టె లోపలికి వెళ్తుంటే ఎస్సై ఈల వేస్తాడు.

“పెట్టెలో ఉన్నావిడతో ఐదు.”

సువార్తమ్మకి ఒళ్ళు మండిపోతుంది. “చచ్చినవాళ్ళని కూడా లెక్కేస్తారా?”

“రెండు కమిటీల ఓటర్ల జాబితాలోనూ ఆవిడ పేరుందమ్మా.”

మూత తోసుకుని రాహేలమ్మ లేస్తుంది. “దాని ప్రాణం తీయకండయ్యా. నేనే దిగి మోస్తాలే,” అంటూ చెల్లెలి భుజం మీది మూల అందుకుంటుంది. సువార్తమ్మ బయటికి రావాల్సి వస్తుంది.

పెట్టె దించగానే, చర్చిలో ఒక స్థానం ఖాళీ అయిందని జకరయ్య అరుస్తాడు. ఏలీషా అప్పటికే పరుగందుకున్నాడు. ఇద్దరూ ఒక్కసారే పెట్టెలోకి దూకి పక్కపక్కనే పడుకుని దిండు కోసం గుంజుకుంటారు. తను లేస్తే అవతలివాడిదైపోతుందని ఎవడూ లేవడు. ఇద్దరి అరుపులతో రెండు చెవులూ నిండిపోయి ఎస్సై లెక్క మరిచిపోతాడు. వీధిలో మైకు పట్టుకుని నిలబడ్డ పాస్టరుగారు గడియారం చూసుకుంటారు. నాలుగు కావస్తోంది. మూత వేయమని సైగ చేసి ప్రార్థన మొదలుపెడతారు.

రాహేలమ్మ భుజం నొక్కుకుంటూ బయటికి వస్తుంది. “ఇప్పుడు నన్నెక్కడ పెడతావే సువార్తా?”

నిన్నటి నుంచి పరుగులతోనే సరిపోయి రాని ఏడుపు సువార్తమ్మకి ఇప్పుడొస్తుంది. ఏడుస్తూనే అక్కని చంకనెత్తుకుంటుంది. అక్క నీళ్ళబిందెంత బరువు కూడా లేదు. సమాధుల తోట వైపు నడుస్తుంది.

వెనకే నాలుగు గోడలూ బయల్దేరతాయి. కిటికీలు బార్లా తెరిచి పాట ఎత్తుకుంటాయి.

“ఉత్తరపు గోడ ఎప్పుడూ ఇంతే, చరణం ముందే ఎత్తేస్తుంది,” అని విసుక్కుని, రాహేలమ్మ చెల్లెలి మెడ చుట్టూ చేతులేసి తనూ గొంతు కలుపుతుంది.