తెర మీది సవతి

ఎండు మిరపకాయకి తొడిమ తీయడం తేలికే. తీసిన చేతికి మంట తీయడమే కష్టం. కోటిరత్నం కాపురానికి వచ్చిన నాటినుంచీ ఏటా ఆ మంట చేతుల్లో మోస్తూనే ఉంది. ఈ ఏడు అది గుండెలోకీ పాకింది. కారణం వెన్నెల.

వెన్నెల పక్కింటి పిల్ల కాదు, సాయంత్రం ఏడింటికి సీరియల్లో వచ్చే కోడలు. కేబులు పెట్టించినప్పుడు ఇంటికి టీవీ వచ్చిందని మురిసింది గానీ, దాంతోపాటు సవతీ వచ్చిందని కోటిరత్నానికి తర్వాత తెలిసింది. పత్తి చేను మొత్తం వానకి పోయినా కన్ను చెమర్చని ఆమె మొగుడు వీరాంజనేయులు, సీరియల్లో వెన్నెలని మొగుడు కసిరితే తువ్వాలు తడిపేవాడు.

"పాపం, ఒంట్లో బాగోపోయినా ఆ పిల్లకి చాకిరీ తప్పట్లేదే," అనేవాడు, కోటిరత్నం జొరంతో కాచిచ్చిన టీ ఊదుకుంటూ.

"మావోడిది వెన్నలాంటి మనసు," అనేది అత్తగారు వెంకటేశ్వరమ్మ. వెన్నే. కాకపోతే వెన్నెల దగ్గరే కరుగుతుంది, ఇంటిదాని దగ్గర గడ్డ కట్టుకునే ఉంటుంది. అతని ఎదుట కోటిరత్నమూ ఏడ్చి చూసింది. "ఘాటుకి కళ్ళు కారతన్నయ్యి, మొహం కడుక్కోపో," అన్నాడు. మిరపకాయలున్న ఇంట్లో ఆడదాని ఏడుపుకి కారమే కారణం.

అసూయ ఊరుకోనిస్తుందా? వెన్నెల కట్టిన రంగు చీరే కట్టింది. వెన్నెల చూసినట్టే ఓరగా చూసింది. "మెడ పట్టిందా? బామ్ రాసుకో," అన్నాడు.

గురువారం వెన్నెల వెనకగా వచ్చి మొగుడి కళ్ళు మూసింది. అతను ఆ చేతులు తడిమి ఆమె పేరు పలికాడు. వీరాంజనేయులు గుండె మీద చెయ్యేసుకుని "అబ్బ" అన్నాడు. అతని నోట తన పేరు విని ఎన్నేళ్ళయిందో కోటిరత్నానికి గుర్తే లేదు. "ఏమే", "ఇదిగో", అంతే.

మర్నాడు సాయంత్రం, రోజంతా తొడిమలు తీసిన చేతులు సబ్బుతో రెండు మార్లు కడిగి, మెల్లగా వెళ్ళి అతని కళ్ళు మూసింది. పేరు కోసం చెవులు రిక్కించింది.

"చచ్చాన్రో, ఎవతే అది," అని గెంతాడు.

పాలలో తడిపిన గుడ్డ కళ్ళ మీద వేసి పడుకోబెట్టింది.

"చేతులు కడుక్కోవా?"

"కడుక్కున్నా. అది పోదు. నాకు రోజూ ఇట్టాగే ఉంటది."

అతను కళ్ళ మీది గుడ్డ సర్దుకున్నాడు. ఆ తర్వాత, "ఏడయినట్టుంది. టీవీ పెట్టు," అన్నాడు.

పెట్టింది. మాటల్లేవు, ఏడుపు సంగీతమే. తెర మీద వెన్నెల మొగుడి కాళ్ళు పట్టుకుని కూర్చుంది. కోటిరత్నం ఆమెని చాలాసేపు చూసింది. ఇన్నాళ్ళూ ఈ పిల్లని చూసా తను కుళ్ళుకుంది? లేచి వంటింట్లోకి వెళ్ళి, గరిటెతో కంచం నిండా వడ్డించుకుని వచ్చి టీవీ ముందు కూర్చుంది.

"వెన్నెల ఏం చేస్తందే? నాకు కనపడి చావట్లా."

"అన్నం పెట్టుకు తింటంది."

"మొగుడు తినకుండానే? ఆ పిల్ల అట్టాంటిది కాదే."

"నిన్నటిదాకా కాదు," అంది కోటిరత్నం, పప్పులో నెయ్యి వేసుకుంటూ.