బొమ్మ కదలొద్దు

నిజామాబాద్ చిత్రశాలలో నేను ఉద్యోగంలో చేరేనాటికి పిల్లలు రాకూడదన్న నిబంధన ఏదీ లేదు. వచ్చిన పిల్లలు ఏడుస్తూ తిరిగిపోయేవారు, అంతే. తండ్రి చేతులు వెనక్కి కట్టుకుని గోడల వెంట నడిచేవాడు. తల్లి అతని వెనక నడిచేది. పిల్లవాడు ఏ బొమ్మ చట్రం మీదనైనా వేలు పెడితే కావలివాడు ఆత్మారాం కర్రతో నేల మీద కొట్టేవాడు, తల్లి వాడి వీపు మీద కొట్టేది. పావుగంటలో అందరూ బయటపడేవారు. ఆ కుటుంబం మళ్లీ ఆ గడప తొక్కేది కాదు.

మా ఇంట్లో డిగ్రీ దాకా చదివింది నేనొక్కడినే. మా బాపు బోధన్ చక్కెర ఫ్యాక్టరీకి చెరకు బండ్లు తోలేవాడు. నాకు జీతం ఇస్తున్నది బొమ్మల మీద దుమ్ము దులపడానికి కాదని, వాటిని నలుగురికీ చూపించడానికని నేను నమ్మాను. అందుకే ఆదివారాలు కుటుంబాలకు వదలమని, ఆ ఒక్కరోజు లోపల మాట్లాడుకోనివ్వమని, నవ్వుకోనివ్వమని కమిటీ అధ్యక్షుడు వామన్‌రావును అడిగాను.

వామన్‌రావుది నవీపేట్ అవతల దొరల కుటుంబం. చిత్రశాలలో సగం బొమ్మలు కోటలాంటి వాళ్ల గడి నుంచి వచ్చినవే. పెద్ద హాల్లో నడిమి గోడకు నిలువెత్తు రంగుల చిత్రం ఒకటుండేది. అది ఆయన తండ్రిది.

"నవ్వుకోవాల్నంటే సర్కస్ వస్తది, గక్కడికి పొమ్మను," అన్నాడు వామన్‌రావు.

నేను అక్కడే నిలబడ్డాను. ఆయన విసుగ్గా చేయి ఊపాడు. "సరే, దసరా దాకా చూడు. ఒక్క గడబడ నా కంట పడ్డదా, నీ ఆదివారం బందు, నీ కొలువు బందు. నువ్వు టెంపరరీవి, యాది పెట్టుకో సిద్దిరాములూ."

యాది పెట్టుకునే బోధన్ వెళ్లాను. ఫ్యాక్టరీ కూలీల ఇళ్ల మధ్య నిలబడి, పిల్లలను తీసుకుని ఆదివారం రైలెక్కి రమ్మని చెప్పాను. ఎవరూ కూర్చోమనలేదు.

"బొమ్మలు సూస్తే ఏమొస్తది?" అంది నీళ్లు తోడుతున్న ఒకామె.

"ఏమీ రాదక్కా. పిల్లలు ఆడుకుంటరు."

"ఆడుకునేటందుకు రైలెక్కాల్నా? గీ బురద సాలదా?"

ఇంకో ఆమె తలుపు చాటు నుంచి అడిగింది. "పిల్లలకు గక్కడ సూదులిస్తరా? నిజం చెప్పు."

నర్సింలు అనే కూలీ నా చొక్కాను, చెప్పులను చూసి, "మొన్న ఒకడొచ్చి వేలిముద్రలు వేయించుకపోయిండు. గా ముద్రలు ఏడికి పోయినయో గిప్పటిదాక ఎరుక లేదు. నువ్వు దేనికొచ్చినవ్?" అన్నాడు.

నేను బండ్లు తోలే లింగయ్య కొడుకునని చెప్పాను. దాంతో కొంచెం మెత్తబడ్డారు గాని నమ్మలేదు. మొదటి ఆదివారం రెండు కుటుంబాలు వచ్చాయి, సూదులు లేవని తేల్చుకోవడానికి. ఆ తర్వాత పెరిగాయి.

వాళ్లను రప్పించింది ఒక ఆట. పిల్లలు ఏదో ఒక బొమ్మను ఎంచుకుని, అందులోని మనిషి ఎట్లా ఉన్నాడో అట్లాగే నిలబడాలి. మిగతావాళ్లు అది ఏ బొమ్మో వెతికి పట్టుకోవాలి. పట్టుకున్నాక బొమ్మగా నిలబడ్డవాళ్లను ఏమైనా అడగొచ్చు. బొమ్మ నోటితో జవాబు చెప్పొచ్చు గాని నేను చప్పట్లు కొట్టేదాకా కదలకూడదు. ఈ ఆట కోసం పిల్లలు ఒక్కో బొమ్మ ముందు ఎంతసేపు నిలబడేవారో! వేళ్లు ఎటు వంగాయి, మెడ ఎటు తిరిగింది, కళ్లు ఎవరిని చూస్తున్నాయి, అన్నీ చూసేవారు. తల్లులు కూడా "గట్ల గాదు బిడ్డా, కుడికాలు" అని సర్దేవారు. కుండ ఎత్తుకున్న బొమ్మలో ఆమె చేయి తప్పు గీశారని, అట్లా పట్టుకుంటే నీళ్లు ఒలుకుతాయని ఆడవాళ్లంతా ఒక పూట తగాదా పడ్డారు.

ఆత్మారాంకు ఇదంతా కంటగింపుగా ఉండేది. "బురద కాళ్లు. ఊడ్వలేక నా నడుం ఇరుగుతుంది. దొర చెవిన ఎయ్యకపోతే సూడు," అనేవాడు నాకు వినపడేటట్టు.

దసరా ఇంకా దూరంగా ఉండగా, ఒక ముసురు ఆదివారం నర్సింలు తన కుటుంబాన్ని తీసుకొచ్చాడు. తల్లి భూమవ్వ, కూతురు గంగామణి, చిన్న కొడుకు సాయిలు. పిల్లలు నేరుగా లోపలికి ఉరికారు. భూమవ్వ పెద్ద హాలు గడప దగ్గర ఆగిపోయింది. ఎదురుగా ఉన్న బొమ్మను చూసి చటుక్కున వంగి, చెప్పులు విడిచి చేతిలో పట్టుకుంది. తల దించుకుని గోడ వారగా నిలబడింది.

గుడి అనుకుంటున్నదేమోనని, "చెప్పులు తొడుక్కో అవ్వా, ఇక్కడ ఎవరూ ఏమనరు," అన్నాను.

"ఆయన సూస్తుండు," అంది.

నర్సింలు ఆ బొమ్మను అప్పుడు చూశాడు. అతని ముఖం మారిపోయింది. "మా ఊరి దొర," అన్నాడు నాతో. "మా అవ్వ గాళ్ల ఎడ్ల కొట్టంల వెట్టి చేసింది. నేను పుట్టిన నాడు గూడ చేసింది." తల్లి వైపు తిరిగి, "సచ్చి ఎన్నేండ్లాయెనే, చెప్పులు కింద పెట్టు," అన్నాడు.

"ఊకో. నీకేమెరుక," అంది భూమవ్వ. చెప్పులు కింద పెట్టలేదు.

అప్పటికి ఆట మొదలైంది. ఇద్దరు ముగ్గురు పిల్లల వంతు అయ్యాక గంగామణి ముందుకొచ్చింది. ఎనిమిదేళ్ల పిల్ల. గోడవారగా నిలబడ్డ నాయనమ్మను ఒకసారి చూసింది, ఆ బొమ్మను చాలాసేపు చూసింది. తర్వాత సరిగ్గా దాని ముందుకు పోయి, ఎడమకాలు చాపి, నడుము వెనక్కి వంచి, ఒక చేత్తో లేని చేతికర్రను పట్టుకుని, రెండో చేత్తో లేని మీసం కొస పట్టుకుని నిలబడింది. బొమ్మలో దొర కాళ్ల దగ్గర వేటకుక్క ఉంది. సాయిలు పోయి అక్క కాళ్ల దగ్గర కూలబడి, నాలుక బయటపెట్టాడు.

ఏ బొమ్మో వెతకాల్సిన పనే లేకపోయింది. జనం గుంపుగా చుట్టూ చేరారు.

"ఏం దొరా, గట్ల నిలవడ్డవ్? ఎవల కోసం?" అని ఎవరో ఆడమనిషి అడిగింది.

గంగామణి గొంతు లావు చేసింది. "భూమి ఏడ సచ్చింది? ఎడ్లకు నీళ్లు ఎవలు పెడ్తరు?"

దొర భూమవ్వను పిలిచే ఆ మాటలు ఇంట్లో నాయనమ్మ చెప్పిన కథల్లోవే అయి ఉంటాయి. గోడవార నుంచి, ఆలోచించకుండా, "ఇగో అచ్చిన దొరా," అని జవాబు వచ్చింది. భూమవ్వ చేత్తో నోరు మూసుకుంది. ఆ చేతి వెనక నుంచి ముందు ఒక కూత లాంటిది వచ్చింది. ఏడుస్తున్నదనుకున్నాను. నవ్వుతున్నది. ఆమె నవ్వు చూసి అందరూ నవ్వారు. ఆమె చెప్పులు చేతిలో పట్టుకునే మనవరాలి దగ్గరకు నడిచింది.

"గట్ల గాదే పిచ్చిదానా. ఆయన కడుపు ముంగటికుండేది. ఎప్పటికి అజీర్తి. నిలవడ్డప్పుడు గిట్ల త్రేన్పు తీసేది." తీసి చూపించింది. "గీ బొమ్మ గీసినాయన కడుపంత దాచిండు."

జనం పొట్టలు పట్టుకున్నారు. నేనూ నవ్వాను. ఆ నవ్వులో వెనక తలుపు తెరుచుకున్నది ఎవరమూ వినలేదు.

వామన్‌రావు, హైదరాబాద్ నుంచి వచ్చిన ఒక చుట్టాల జంట. తన తండ్రి బొమ్మను చూపించడానికి తీసుకొచ్చాడు. ఆత్మారాం ముందే ఎదురెళ్లాడు. "నేను చెప్తనే ఉన్న సర్కార్. ఈయన ఇననే ఇనడు."

వామన్‌రావు గంగామణిని చూశాడు, నాలుక చాపిన సాయిలును చూశాడు, భూమవ్వ దగ్గర ఆగాడు.

"నువ్వు ఎడ్ల కొట్టం భూమివి గదా."

ఆమె నవ్వు పోయింది. "అవు దొరా."

"మా ఇంట్ల తిని మా నాయిననే ఆట పట్టిస్తున్నవా?"

"ఊకెనే తినలే," అన్నాడు నర్సింలు. "చేసి తిన్నది."

"నిన్నడగలే నేను."

"అడగకున్నా చెప్తున్న."

వామన్‌రావు నా వైపు తిరిగాడు. "సిద్దిరాములూ, ఈమె మా నాయిన బొమ్మ కాళ్లు మొక్కి తప్పైందనాలె. ఇప్పుడే, వీళ్లందరి ముంగట. అన్నదా, నీ ఆదివారాలు నడుస్తయ్. లేదా, ఇదే ఆఖరు."

"ఆట పెట్టింది నేను రావు సాబ్. తప్పయిందని నేనంట."

"నీ మొక్కు నాకెందుకు? నువ్వు నౌకర్‌వి. పొద్దున లేస్తే మొక్కుతనే ఉంటవ్."

భూమవ్వే కదిలింది. "మొక్కుత తియ్ సారూ. నాకేమన్న కొత్తనా? పిల్లలన్న ఆడుకుంటరు." రెండడుగులు వేసి ఆగింది. బొమ్మ పాదాలకు అడ్డంగా గంగామణి నిలబడి ఉంది. అక్కడ వంగితే మనవరాలి కాళ్ల మీద పడినట్టవుతుంది.

"ఆ పోరిని జరుపు," అన్నాడు వామన్‌రావు.

గంగామణి జరగలేదు. మీసం దగ్గర ఎత్తిన చేయి దించలేదు. కళ్లు మాత్రం నా మీద ఉన్నాయి. నర్సింలు చేతులు కట్టుకున్నాడు. "అది ఆటల ఉన్నది. సారు చప్పట్లు కొడ్తేనే కదులుతది."

"అయితే కొట్టు," అన్నాడు వామన్‌రావు నాతో.

రెండు చేతులు కలిపితే అయిపోయేది. ఆదివారాలు ఉండేవి, నా జీతం ఉండేది, ఇంటి దగ్గర బాపు రెండెడ్లలో ఒకదాన్ని అమ్మాల్సిన అవసరం ఉండేది కాదు. నేను చప్పట్లు కొడితే గంగామణి పక్కకు తప్పుకుంటుంది. అక్కడే నిలబడి, తను ఇంతసేపు ఎవరిలా నిలబడిందో ఆ మనిషి కాళ్ల మీద నాయనమ్మ పడటం చూస్తుంది. అదీ నేను పెట్టిన ఆటలో భాగమే అవుతుంది. చేతులు వెనక్కి పెట్టుకున్నాను.

"కొట్టను," అన్నాను.

వామన్‌రావు ముఖం ఎర్రబడింది. తన చేతులే ఎత్తి గట్టిగా చప్పట్లు కొట్టాడు. గంగామణి కదలలేదు. మళ్లీ కొట్టాడు. కింద కూర్చున్న సాయిలు నాలుక లోపలికి తీసుకుని, "నువ్వు గాదు, సారు కొట్టాలె," అన్నాడు. మళ్లీ నాలుక బయటపెట్టాడు.

ఎవరో నవ్వారు. కూలీల్లో ఎవరూ కాదు. హైదరాబాద్ చుట్టాల జంటలోని ఆవిడ, చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని.

"బందు," అన్నాడు వామన్‌రావు. గొంతు చాలా చిన్నగా ఉంది. "అందర్ని బయటికి నూకు ఆత్మారాం. ఈయనను గూడ."

ఆత్మారాం కర్ర నేలకు తాటించుకుంటూ వచ్చాడు. నర్సింలు కూతురిని ఉన్నదున్నట్టే ఎత్తి భుజాన వేసుకున్నాడు. ఆ పిల్ల చేయి దించకుండానే తలుపు దాటింది. బయట వాన పడుతున్నది. మా వెనక గొళ్లెం పడింది.

తర్వాతి ఆదివారం పొద్దున బోధన్ స్టేషన్‌కు వెళ్లాను. నాకు పని లేదు గాని, వాళ్లకు సంగతి తెలియక టికెట్టు కొని పోతారని నా భయం. అనుకున్నట్టే ఉన్నారు, ఎప్పటికంటే ఎక్కువ మంది. పిల్లల తలలకు నూనె, చేతుల్లో రొట్టెల మూటలు.

"పోవద్దు. చిత్రశాల ఆదివారం మూసిండ్రు," అని ఒక్కొక్కరి దగ్గరకు పోయి చెప్పాను.

"మల్ల పిలిచినవెందుకు?" అంది ఒకామె. "పొద్దుగాల సంది తానాలు చేపిచ్చి ఉసురు పోయింది."

నర్సింలు నా దగ్గరకొచ్చాడు. కోపం తగ్గలేదు. "దొర బొమ్మ గక్కడ ఉన్నదని ముందుగాల చెప్పొద్దా? సదువుకున్నవ్ గదా. బొమ్మ చూపిస్త రమ్మంటవ్, ఎవల బొమ్మనో చెప్పవ్."

"అది మీకు ఇట్లా తగులుతుందని తెలియలేదు," అన్నాను.

"తెల్వకపోతే అడుగుతరు."

అతను అన్నది నిజం. నేను ఏ ఇంటికి పోయినా పిల్లలెందరని అడిగాను గాని, మీరు ఏ ఊరి నుంచి ఎందుకొచ్చారని ఎవరినీ అడగలేదు.

భూమవ్వ రొట్టెల మూట ఒడిలో పెట్టుకుని కూర్చునే నన్ను ఎగాదిగా చూసింది. "మొక్కుదామంటే మొక్కనియ్యకపోతివి. కొలువు పోగొట్టుకుంటివి. మల్ల పొద్దుగాలనే ఆయన పని నెత్తినేసుకొని వస్తివి."

"ఆయన పనేంది అవ్వా? మీ టికెట్టు పైసలు దండుగ అయితయని చెప్తున్న."

"తలుపు మూసింది నువ్వా?"

"కాదు."

"మరి మూసినోడు చెప్పాలె. నా మొకం సూసి చెప్పాలె. నువ్వెందుకు చెప్తున్నవ్? నౌకరీ పోయినంక గూడ గాయన నౌకర్‌వేనా?"

నిజామాబాద్ బండి ప్లాట్‌ఫారం మీదికి వచ్చి ఆగింది. భూమవ్వ లేచి, గంగామణిని ముందు ఎక్కించి, తను ఎక్కింది. చెప్పులు కాళ్లకే ఉన్నాయి. ఆమె వెనక నర్సింలు, అతని వెనక మిగతావాళ్లు పిల్లలను నెట్టుకుంటూ, నన్ను తిట్టుకుంటూ ఎక్కారు. పెట్టె నిండిపోయింది.

"జరుగు, జరుగు," అంది లోపల భూమవ్వ ఎవరితోనో. తర్వాత కిటికీలోంచి నా వైపు చూసి, "ఎక్కుతవా, గక్కడనే నిలవడ్తవా?" అంది.

గార్డు పచ్చజెండా ఎత్తాడు. నేను టికెట్టు కొనలేదు. తలుపు దగ్గర కడ్డీ పట్టుకుని ఎక్కాను.