దుప్పటి రెండో కొస

ఆస్పత్రి దుప్పట్లు ఉతికే ఆ షెడ్డులో మధ్యాహ్నానికే ఒళ్ళు ఉడికిపోతుంది. తడి దుప్పటి ఒక్కరి వల్ల అయ్యే పని కాదు. చెరో కొస పట్టి, లాగి విదిలించి, ఎదురెదురుగా నడిచొచ్చి కొసలు కలపాలి. అందుకే అక్కడ అందరూ జంటలుగానే పనిచేస్తారు.

ఇవాళ పిచ్చుకకి ఎదురుగా కొత్తావిడ నిలబడింది. మంచి మనిషే, పనీ వచ్చు. అయినా కొసలు కలిసినప్పుడల్లా పిచ్చుక చేతులు చటుక్కున వెనక్కి లాక్కుంటోంది.

ఇన్నేళ్ళూ ఆ రెండో కొస గెడది. మనిషి పొడుగని గెడ అన్నారు. ఈమెకి పిచ్చుక అని పేరు పెట్టింది గెడే. ఇద్దరిదీ ఒకే అద్దెగది, ఒకే కంచం. "గెడ మీద పిచ్చుక వాలింది" అని షెడ్డంతా నవ్వుకునేవారు. పోయిన వారం కొసలు కలిశాక పిచ్చుక ఆమె వేళ్ళు వదల్లేదు. ఎందుకు వదల్లేదో తనకే తెలీదు. దుప్పటి జారిపోయింది. సూపర్‌వైజరమ్మ చూసింది.

"స్నేహమేనా, ఇంకేమన్నానా?" అని పక్కకి పిలిచి అడిగింది.

పిచ్చుక చుట్టూ చూసింది. "నాకేం తెలీదమ్మా. అదే నన్ను వదలదు" అనేసింది.

గెడని బ్లీచింగు తొట్ల గదిలో వేశారు. అక్కడ ఒంటరి పని. పిచ్చుక ఏమందో గెడకి తెలిసింది. తగువాడలేదు, నిలదియ్యలేదు. చాప అవతలి గోడవైపు జరుపుకుంది, అంతే. "తిన్నావా?" అని మాత్రం రోజూ అడుగుతూనే ఉంది. ఆ మాట వింటే పిచ్చుకకి ముద్ద దిగడం లేదు. నాలుగు తిట్టినా బాగుండును, పాపిష్టిది, అనుకుంటుంది. పాపిష్టి ఎవరో గుర్తొచ్చి సిగ్గుతో చచ్చిపోతుంది.

"రేపట్నించి అది రాదు. ఆఫీసులో చెప్పేశా. నీకు పీడ విరగడైంది" అంది సూపర్‌వైజరమ్మ ఇప్పుడు అటుగా వెళ్తూ.

కొత్తావిడ నడిచొచ్చింది. పిచ్చుక కదల్లేదు.

"కానీవే" అంది సూపర్‌వైజరమ్మ.

"ఆవేళ అబద్ధం చెప్పానమ్మా. చెయ్యి వదలంది నేను."

"ఏం కూస్తున్నావే?"

"స్నేహమో, ఇంకోటో నాకూ తెలీదు. దాన్ని పంపేస్తే నేనూ పోతా. ఏమనుకోకక్కా, ఆ కొస వదిలెయ్యి."

కొత్తావిడ కొస కింద పెట్టి పక్కకి తప్పుకుంది.

తొట్ల గది గుమ్మంలోకి గెడ వచ్చి నిలబడింది. బ్లీచింగు మందుకి చేతులు తోలు లేచి ఎర్రబడ్డాయి. అంతా విన్నట్టే ఉంది. చేతులు కొంగుకి తుడుచుకుంది గానీ గుమ్మం దాటలేదు. పిచ్చుక తన కొస పట్టుకుని అలాగే నిలబడింది.