హన్మయ్య సాక్ష్యం

గంగాదాస్ గోదాం సూపర్‌వైజర్ అయిన రోజు పెర్కిట్ చౌరస్తాలో ఫ్లెక్సీ వెలిసింది. హమాలీలు తలా ఇంత వేసుకుని కట్టించారు. మధ్యలో మెడనిండా దండతో గంగాదాస్, కింద వరుసగా హమాలీల మొహాలు. ఆ వారమంతా ఆయన పనున్నా లేకున్నా ఆ చౌరస్తా మీదుగానే తిరిగాడు. ఎవరు మాత్రం తిరగరు?

నిజానికి పని ఏమీ మారలేదు. ఆర్మూర్‌లోని ఆ ప్రభుత్వ గోదాములో పొద్దున్నే షట్టర్లు లేపడం, లారీ వస్తే హమాలీలతో పాటు పసుపు బస్తాకు భుజమివ్వడం, చిరిగిన సంచిని దబ్బనంతో కుట్టడం, సాయంత్రం నేల ఊడవడం, అన్నీ అవే. మారింది పేరొక్కటే. నిన్నటిదాకా "అన్నా" అన్న హమాలీ హన్మయ్య "సారు" అనడం మొదలుపెట్టాడు. మొదట్లో గంగాదాస్ వద్దన్నాడు. తర్వాత వద్దనడం మానేశాడు.

ఆ పేరుతో పాటు ఇంకొకటి కూడా మారిందని ఆయనకెవరూ చెప్పలేదు. గోదాము నడిపే సంస్థలో పనివాళ్లకు అరవై ఏళ్లదాకా నౌకరీ. సూపర్‌వైజర్లు, ఆ పైవాళ్లు యాభై ఎనిమిదికే దిగిపోవాలి. వచ్చే నెల నీ రిటైర్మెంట్ అని ఆఫీసులో చెప్పినప్పుడు గంగాదాస్ ముందు నవ్వాడు, ఎవరితోనో పొరబడ్డారనుకుని.

సగం బతుకు రోజుకూలీగా గడిచి, పర్మినెంటు అయ్యేసరికి ఆయన తల నెరిసింది. పర్మినెంటు నౌకరీ పదేళ్లు నిండితేనే పింఛను. అరవైదాకా ఉంచితే నిండుతుంది, ఇప్పుడే దింపితే నిండదు. ముసలితనంలో తానూ భార్య నీలవ్వా ఏం తిని బతకాలన్నది ఆ రెండేళ్ల మీద ఉంది. అందుకే ఆమె మెడలోని బంగారు గుండ్లు అమ్మి కోర్టుకెక్కాడు.

"ఫికర్ చెయ్యకు కాకా," అన్నాడు వకీలు నాగేందర్. "పేరు ఏదున్నా కోర్టు పని చూస్తది. ఈయన మాతోని బస్తాలు మోసిండు అని ఒక్క హమాలీ వచ్చి చెప్పాలె. గంతే."

హన్మయ్య కంటే దగ్గరివాడెవరు? ఇద్దరూ ఒకే గిన్నెలో కూర పంచుకున్నవాళ్లు. వాయిదా రోజున హన్మయ్య ఇస్త్రీ చొక్కా వేసుకుని గంగాదాస్‌తో కలిసి కోర్టుకు బస్సెక్కాడు. ఎంత తోమినా గోళ్ల పసుపు మాత్రం పోలేదు. దారిలో మాక్లూర్ దాటేదాకా గంగాదాస్ ఒకటే చెప్తూ వచ్చాడు.

"ఏమడిగినా, నేను మీతోని మోసిన్నని చెప్పు. ఉన్నదే చెప్పు."

"గదెంత పని సారు. నేను లేనా?"

కోర్టులో ముందు గంగాదాస్ వంతు. సంస్థ తరఫు వకీలు ఫ్లెక్సీ ఫొటో తీసి చూపించాడు. ఇది మీరేనా? నేనే. సూపర్‌వైజర్ అని రాసి ఉందా? ఉంది. మీరెప్పుడైనా కాదన్నారా? లేదు.

తర్వాత హన్మయ్య బోనెక్కాడు. నాగేందర్ నెమ్మదిగా అడిగాడు. "గోదాముల గంగాదాస్ మీతోని కలిసి బస్తాలు మోసేటోడా?"

హన్మయ్య జడ్జిని చూశాడు. బెంచీల నిండా ఉన్న జనాన్ని చూశాడు. చేతులు కట్టుకుని ఓ మూల నిలబడ్డ గంగాదాస్‌ను చూశాడు. హన్మయ్య మొహం కోపంతో ఎర్రబడింది.

"సారు ఎందుకు మోస్తడు?" అన్నాడు. "మేం చచ్చిపోయినమా? మా పానం ఉండంగ సారుతోని బస్తా మోపిస్తమా?"

నాగేందర్ ప్రశ్న మార్చాడు. "మరి ఆయన ఏం పని చేసేటోడు?"

"నిలవడి చెప్పేటోడు. మేం చేసేటోళ్లం. ఆయన మాకు పెద్దదిక్కు."

సంస్థ వకీలు తానడిగేదేమీ లేదని కూర్చున్నాడు. గంగాదాస్‌కు చొక్కా విప్పి భుజం మీద కాయ కాసిన చోటు జడ్జికి చూపించాలనిపించింది. కానీ ఆయన వంతు అయిపోయింది. హన్మయ్య చెప్పింది అబద్ధమని అంతమందిలో అరిచే నోరూ ఆయనకు లేదు.

బయట చాయ్ దగ్గర హన్మయ్య ఇంకా మండిపడుతూనే ఉన్నాడు. "మనోడే అయ్యుండి గా వకీలు నిన్ను గట్లడుగుతడా? నువ్వు బస్సుల చెప్పిందే చెప్దామనుకున్న సారు. గంత మందిల నిన్ను తక్కువ చేసుడు నాతోని కాలె. గింత మంచి సారును ఎట్ల తీసేస్తరని జడ్జికి సమజ్ గావాలె గద. మంచిగనే చెప్పిన గద?"

గంగాదాస్ చాయ్ గ్లాసు కింద పెట్టాడు. తిట్టాలని ఉంది, కొట్టాలని కూడా ఉంది. కానీ ఎదురుగా మెప్పు కోసం చూస్తున్న హన్మయ్య మొహం ఉంది.

"మంచిగ చెప్పినవ్ హన్మయ్యా," అన్నాడు.

కొన్నాళ్లకు తీర్పు వచ్చింది. గంగాదాస్ సొంత సాక్షి మాట ప్రకారమే ఆయన సూపర్‌వైజరేనని, యాభై ఎనిమిదికి దింపడం సరైనదేనని, కేసు కొట్టేశారు. పింఛను పోయింది. నీలవ్వ ఆ పూట పొయ్యి వెలిగించలేదు.

సాయంత్రం హన్మయ్య వచ్చి గడప దగ్గరే కూలబడ్డాడు. కళ్లు వాచి ఉన్నాయి.

"గా జడ్జికి మన మాట ఎక్కలె సారు," అన్నాడు. "పై కోర్టుకు పోదాం. ఆడికి గూడ నేనే వచ్చి చెప్త. ఇంకా గట్టిగ చెప్త."

నీలవ్వ విసురుగా లేచి నోరు తెరవబోయింది. గంగాదాస్ వద్దన్నట్టు చెయ్యెత్తాడు.

"చాయ్ పెట్టు," అన్నాడు ఆమెతో. "హన్మయ్య పొద్దటి సంది ఏం తిన్నట్టు లేడు."