ప్రభుకిరణ్ పురిటి పాట

శ్రీకాకుళంలో సొంత స్టూడియో పెట్టిన సువార్త గాయకుడు ప్రభుకిరణ్‌కు ఊళ్ళోవాళ్ళ పాటలన్నీ తనవే. ప్రార్థన కూటంలో జగ్గమ్మ అనే ముసలావిడ, దేవుడు తనకు చేసిన మేలుకు సాక్ష్యంగా పాడుకునే పాటను ఫోన్లో గుట్టుగా రికార్డు చేసుకున్నాడు. రాగం మీదున్న ఆశలో మాటల అర్థం పట్టించుకోలేదు.

పాతపట్నం సభలో కొత్త ఆల్బం విడుదల. "ఈ పాట నేనే రాశాను. ప్రతి మాటా నా అనుభవమే" అని కళ్ళు తుడుచుకుని పాట ఎత్తుకున్నాడు.

"వరద నాగావళిలో, పడవ మీద, నా పురిటి నొప్పుల్లో తోడున్నావయ్యా..."

ముందు వరుసలోంచి జగ్గమ్మ లేచింది. "ఏటి బాబూ, నీకు పురుడు ఎవులు పోసారు? ఆడపిల్లా, మొగపిల్లడా?"

సభంతా గొల్లున నవ్వింది. పాస్టరుగారు కండువా నోటికి అడ్డం పెట్టుకున్నారు.

"అయ్యో, నాది కాదండీ!" మైకులోనే అరిచాడు ప్రభుకిరణ్. "పాట జగ్గమ్మదే!"