ఐదో చోటు

కాపలావాడు బూటుకాలితో తన్నడంతో, రజబలీ తాత కంబళి కింద దాచుకొన్న అన్నపుగిన్నె బోర్లపడింది. యజ్ద్ ఎడారిలో నలభై ఏళ్లు భూగర్భ కాలువలు తవ్విన ఆ వృద్ధుడు నేలమీది మెతుకులను ఒక్కొక్కటే ఏరుకొంటూ, "పొద్దుగుంకినాక తిందామని పెట్టుకున్నా నాయనా," అన్నాడు. కాపలావాళ్లు అతనిని ఈడ్చుకొనిపోయి చీకటికొట్టులో వేశారు.

ఇరాన్-ఇరాక్ యుద్ధం మొదలైన ఆరో ఏటి రంజాన్ అది. టైగ్రిస్ ఒడ్డునున్న ఆ ఇరాకీ శిబిరంలో ఇరానీ బందీలకు ఉపవాసం నిషిద్ధం. కూడు పెట్టేది మిట్టమధ్యాహ్నమే. సాయంకాలం మెతుకైనా దొరకదు. అందుకే వారు ఆ అన్నాన్ని సూర్యాస్తమయం దాకా దాచుకొనేవారు.

"ఇక దాచొద్దు. దొంగసొత్తా ఏమన్నా? రేపు గిన్నెలు ముంగిట్లో పెట్టుకునే కూర్చుందాం," అన్నాడు చాసిబ్. అతడు ఇరాన్‌లోని ఖుర్రంషహర్ రేవులో మూటలు మోసిన అరబ్బు కూలీ.

"చెప్పొచ్చాడయ్యా! రోజూ గోడవైపు తిరిగి మెక్కేది నువ్వే కదా," అన్నాడొకడు. అందరూ నవ్వారు.

చాసిబ్ కడుపులో పుండు ఉంది. ధర్మం అతనికి ఉపవాసం విధించలేదు. "అవును, నేనే. ఆ ముసలాయన్ని ఈడ్చుకుపోతుంటే ముద్ద నోట్లో పెట్టుకుని చూస్తూ కూర్చుంది నేనే," అన్నాడు. నవ్వు ఆగిపోయింది.

ఆర్మేనియన్ మెకానిక్ వార్తాన్ గొంతు సవరించుకొన్నాడు. "నేను క్రైస్తవుణ్ణి. నన్నూ రమ్మంటారా?"

"నీకు ఆకలేస్తుందా?" అడిగాడు చాసిబ్.

"వెయ్యకేం."

"అయితే రా అన్నా."

మరునాడు అన్నం పెట్టగానే నూట పందొమ్మిదిమంది ముంగిట ఎండలో, లెక్కకు కూర్చొనే పద్ధతిలోనే, ఐదేసిమందిగా బారులు తీరారు. చివరి వరుసలో ఐదో చోట మనిషి లేడు. అక్కడ అన్నం నింపిన రజబలీ గిన్నె ఉంది.

కమాండర్ వచ్చి, "తినండి," అన్నాడు. ఒక్క చేయీ కదలలేదు. కమాండర్ చాసిబ్ ఎదుటికి వచ్చి ఆగాడు. "నువ్వు రోగివిరా. దేవుడే సెలవిచ్చాడు కదా."

"ఇచ్చింది దేవుడు సార్, మీరు కాదు. ఎప్పుడు వాడుకోవాలో నాకు తెలుసు."

కమాండర్ ముఖం కందిపోయింది. కాపలావాళ్లవైపు తిరిగాడు. "వీళ్ల కళ్లముందే వీళ్ల కూడు మీరు తినండి. ముహైసిన్, నువ్వు మొదలుపెట్టు. ఆ ముసలోడి గిన్నె."

నిన్న ఆ గిన్నెను తన్నినవాడు ముహైసినే. దక్షిణ ఇరాక్‌లోని అమారా సీమలో షేక్ పొలం కౌలుకు దున్నుకొనే రైతు. బలవంతాన సైన్యంలోకి లాగబడ్డవాడు. అతడు గిన్నెపైకి వంగాడు. ఎండి పగిలిన అతని పెదవులను చాసిబ్ చూశాడు.

"నువ్వూ ఉపవాసమేనా తమ్ముడూ?" అని మెల్లగా అడిగాడు అరబీలో.

ముహైసిన్ చేయి వెనక్కి తీసుకొన్నాడు. నిటారుగా నిలబడ్డాడు. "తినను సార్."

చెంప పగిలింది. తుపాకీ, నడికట్టు లాగేసుకొన్నారు. "వాళ్లమీద అంత ప్రేమైతే వాళ్లతోనే ఏడువు," అని కమాండర్ అతనిని నెట్టాడు. మిగతా కాపలావాళ్లెవ్వరూ గిన్నెల జోలికి పోలేదు. ముహైసిన్ ఐదో చోట కూలబడ్డాడు. చాసిబ్ జరిగి, తన నీడ అతనిమీద పడేలా కూర్చొన్నాడు. తన కడుపు మండిపోతున్నా కదలలేదు.

పొద్దు వాలేవేళ సార్జెంట్ అలవాటుగా వరుసలు లెక్కించి, "నూట ఇరవై. సరిపోయింది సార్," అన్నాడు. కమాండర్ తన గదివైపు వెళ్లిపోయాడు.

సూర్యుడు గోడ దాటాడు. నూట పందొమ్మిది చేతులు గిన్నెల్లోకి వెళ్లాయి. ముహైసిన్ మాత్రం గిన్నెను పక్కకు నెట్టాడు. "ఇది తాతది. నేను తన్నిన గిన్నె."

"అందుకే తిను," అన్నాడు చాసిబ్. "రేపు ఆయన్ని విడిపించుకోడానికి చీకటికొట్టు తలుపు దగ్గరికి పోతున్నాం. దారి నీకు తెలుసు, ముందు నువ్వే నడవాలి."